ఒక్క కండె సేపు

చౌడయ్యకి కావలసింది ఒక్క కండె సేపు. అంతకంటే ఎక్కువ అతను ఎవరినీ అడగలేదు.

కండె అంటే తెలియనివాళ్ల కోసం చెబుతాను. మగ్గం మీద అటూ ఇటూ పరిగెత్తే నాడెలో పెట్టడానికి చిన్న పుల్లకి నూలు చుడతారు, అదీ కండె. సన్న నూలయితే ఒక కండె అయ్యేలోపు పొయ్యి మీద ఎసరు కాగి అన్నం ఉడుకుతుంది. మా సాలెవాళ్లకి ఒక పట్టింపు ఉంది. కండె నడుమ మగ్గం మీంచి లేవకూడదు. లేచి మళ్లీ కూర్చుంటే పోగుని బిగించే దెబ్బ తేడా వచ్చి బట్టలో సన్నటి చార పడుతుంది. కొనేవాళ్లకి ఆ చార కనబడదు. కట్టుకునేవాళ్లకి అసలే కనబడదు. పక్క మగ్గంవాడికి కనబడుతుంది, వాడు నవ్వుతాడు. ఆ నవ్వుకి భయపడి తరతరాలుగా మావాళ్లు కాళ్లు తిమ్మిరెక్కినా మగ్గం గుంతలోంచి తీయరు.

చౌడయ్య నేసిన బట్టలో చార ఉండేది కాదు. చుట్టుపక్కల ఏ పాలెగాడి ఇంట్లో పెళ్లయినా చీర అతని మగ్గం మీదే. ఆ సంగతి ఊరందరికీ తెలుసు. అతనికి ఇంకాస్త బాగా తెలుసు.

ఒకరోజు మధ్యాహ్నం అట్లాంటి పెళ్లిచీరే ఆఖరి మూర నేస్తున్నాడు. లోపలి నుంచి పెళ్లాం ఎర్రమ్మ పిలిచింది.

"ఏమయ్యా, ఒకసారి ఇట్లా రా. పిల్ల నిన్ను అడుగుతా ఉంది."

పిల్ల పేరు చెంగి. ఆరేళ్లది. ఒక్కతే కూతురు. నాలుగు రోజులుగా జ్వరం.

"ఈ కండె అయ్యాక వస్తా" అన్నాడు చౌడయ్య.

కండె అయింది. నాడె పక్కన పెట్టి, చేతులు తుడుచుకుని లోపలికి వెళ్లాడు. ఎర్రమ్మ పిల్లని ఒళ్లో పెట్టుకుని గోడకి ఆనుకుని కూర్చుంది. పిల్ల కళ్లు అప్పటికే ఆమె మూసేసింది.

తర్వాత చెప్పనివాళ్లు లేరు. నువ్వు లేచినా లేవకపోయినా ఆ జ్వరం తీసుకుపోయేదేనని వైద్యుడన్నాడు. రాత అన్నారు, ఋణం తీరిందన్నారు. చౌడయ్య అందరికీ తలాడించాడు. జ్వరం సంగతి అతనికీ తెలుసు. అతని కడుపులో మంట అది కాదు. పిల్ల అడిగింది, తను లేవలేదు. ఎన్నిసార్లు తిప్పి చూసుకున్నా అంతకు మించి అందులో ఏమీ లేదు.

ఎర్రమ్మ అతన్ని ఒక్క మాట అనలేదు. ఆ రోజు నుంచి పిలవడం మాత్రం మానేసింది. అన్నం వేళకి వచ్చి మగ్గం పక్కన నిలబడేది. కండె అయ్యేదాకా నిలబడి, అప్పుడు "అన్నం" అనేది. అది చౌడయ్యకి మర్యాదలా కనబడింది. మగవాళ్ల కళ్లకి ఏం జబ్బో నాకు తెలియదు.

ఆ కాలంలో గుండ్లకొండ కింద అంకమ్మ అని ఒక ముసలామె ఉండేది. మగ్గంలో గురువు. ఆడమనిషి మాకు గురువేంటని మూతి విరుచుకుంటూ వచ్చినవాళ్లు ఆమె పక్క మగ్గం ఎక్కి, పొద్దు నడినెత్తికి వచ్చేలోపు దిగి, దండం పెట్టి కింద కూర్చునేవాళ్లు. ఆమె అత్తగారి కాలం నుంచీ ఆ ఇంట్లో ఒక తాళపత్రాల కట్ట ఉండేదట. ఇరవై ఒక్క ఆకులు. కాలపటం నేసే పద్ధతి అందులో రాసి ఉందని చెప్పుకునేవాళ్లు. కాలపటమంటే ఏడు మూరల తెల్లబట్ట. అది కప్పుకుంటే పోయిన రోజుల్లో మనకి కావలసిన చోటికి వెళ్లి, కాసేపుండి రావచ్చు.

నేను ఆ ఆకులు చూడలేదు. చూశామని చెప్పేవాళ్లని నమ్మను కూడా. చౌడయ్య నమ్మాడు. అతని చోటులో ఉంటే నేనూ నమ్మేవాణ్ణే.

పిల్ల పోయిన ఏడాదికి ఇంటికి తాళం వేసి, పెళ్లాన్ని వెంటపెట్టుకుని, చౌడయ్య గుండ్లకొండ కిందికి వచ్చాడు. అంకమ్మ కాళ్లకి మొక్కి, జరిగింది జరిగినట్టు చెప్పాడు.

"అయితే ఏం కావాలి?" అంది అంకమ్మ.

"ఆ రోజు కావాలమ్మా. రోజంతా వద్దు. ఒక్క కండె సేపు చాలు. పిల్లని బతికించమని అడగను. అది అడిగినప్పుడు లేచి వెళ్తాను. అంతే."

అంకమ్మ అతని వెనక నిలబడ్డ ఎర్రమ్మ వైపు చూసింది. "నీకేం కావాలి తల్లీ?"

ఎర్రమ్మ నోరు తెరిచేలోపే చౌడయ్య అందుకున్నాడు. "దానికేం తెలుసమ్మా. కండెలు చుట్టడానికి తీసుకొచ్చాను."

ఎర్రమ్మ పైట చెంగు సర్దుకుంది.

"ఈ పటం ఇంతకు ముందు ఎవరన్నా నేశారా?" అని అడిగాడు చౌడయ్య.

"నలుగురు."

"కప్పుకున్నారా?"

"లేదు."

ఎందుకని అడగాల్సింది. అడగలేదు. ఆ నలుగురి చెయ్యి వేరు, తన చెయ్యి వేరు అనుకున్నాడు. మావాళ్ల తెగులే అది.

అంకమ్మ కట్ట విప్పి మొదటి ఆకు చదివింది. "పటంలో చార పడరాదు."

చౌడయ్య నవ్వాడు. ఏడాదిలో అతను నవ్వడం అదే మొదలు.

ఒక ఆకులో చెప్పింది పూర్తయ్యాకే రెండో ఆకు. రెండో ఆకు ప్రకారం పత్తి తామే పండించాలి. మూడో ఆకు ప్రకారం నూలుకి ఎండ తగలరాదు. ఎండ తగిలితే అది ఏ రోజు ఎండో ఆ రోజు నూల్లోకి దిగుతుందట, పటం దారి తప్పుతుందట. అందుకని వడకడం, ఆరబెట్టడం, గంజి పెట్టడం అంతా తలుపులు మూసిన పాకలోనే. ఎర్రమ్మకి ఆ చీకట్లో కళ్లు మంటలెత్తేవి. పైట చెంగుతో తుడుచుకుని మళ్లీ రాట్నం తిప్పేది.

ఏడో ఆకు వచ్చింది. "పోయిన మనిషి ఎన్ని రోజులు బతికితే పడుగులో అన్ని పోగులు."

చౌడయ్య వేళ్లు మడిచాడు. ఆరేళ్లు. ఆరేళ్ల మీద ఎన్ని రోజులు? పిల్ల పుట్టింది మాఘంలోనా, ఫాల్గుణంలోనా? ఆ నెల తను ఎవరింటి చీర నేస్తున్నాడో గుర్తుకొచ్చింది గానీ తిథి గుర్తుకు రాలేదు.

"రెండువేల రెండువందల ముప్పై" అంది మూలన కూర్చున్న ఎర్రమ్మ. ఆమె వేళ్లు మడవలేదు.

పడుగు, అంటే నిలువు పోగులు, పోసింది కూడా ఆమే. పాకలోనే వరసగా పాతిన కర్రల మధ్య నూలు పట్టుకుని అటూ ఇటూ నడవాలి. ఒక్కో నడకకి ఒక్కో పోగు. ఎర్రమ్మ పెదాలు కదుపుతూ నడిచేది. కొన్ని పోగుల దగ్గర ఆమె అడుగు ఆగేది. ఒకచోట ఆగి తనలో తను నవ్వుకుంది కూడా.

"ఆగకు. బిగువు తప్పుతుంది" అని కసిరాడు చౌడయ్య.

ఎర్రమ్మ మళ్లీ నడిచింది. అంకమ్మ గుమ్మంలో కూర్చుని ఇద్దరినీ చూస్తూ ఉంది.

పటం ఒక్కసారికి వచ్చేది కాదు. తెగిన పోగుకి ముడి వేయరాదని పదో ఆకు. పోగు అంటే ఒక రోజు కదా, తెగిన రోజుని ముడేసి ఎవరికి చూపిస్తాం. ఒక్కటి తెగినా మొత్తం తీసేసి మళ్లీ పత్తి విత్తనం దగ్గర మొదలు. మొదటి పటం మూడో మూరలో పోయింది. రెండోది ఐదో మూరలో. తర్వాతది ఎలుకలు కొరికాయి. ఒక ఏడు వానల్లేక పత్తే పండలేదు. అప్పుడు కొండ అవతలి చెలమ నుంచి చేనుకి కడవలతో నీళ్లు మోసింది అంకమ్మ, ఆ వయసులో.

అంకమ్మ కూడా తన మగ్గం మీద ఏదో ఒకటి నేస్తూనే ఉండేది. ఒకనాడు ఆమె నేసిన పంచె మడత పెడుతుంటే చౌడయ్య దాన్ని వెలుతురుకి పట్టి చూశాడు. బట్ట నిండా చారలు. అతనికి సిగ్గేసింది. గురువు కాబట్టి అనకూడదు, చెయ్యి తిరిగినవాడు కాబట్టి అనకుండా ఉండలేడు.

"అమ్మా, చారలు పడ్డాయి."

"పడ్డాయి" అంది అంకమ్మ. దగ్గరికి వచ్చి ఒక చార మీద వేలు పెట్టింది. "ఇది మేక ఈనినప్పటిది. ఇది ఎవరో బాటసారి మంచినీళ్లు అడిగినప్పటిది." వేలు ఇంకొంచెం కిందికి జరిపింది. "ఇది నీ పెళ్లాం బావి దగ్గర జారిపడినప్పటిది."

"జారిపడిందా? ఎప్పుడు?"

"నువ్వు నేస్తున్నప్పుడు."

చౌడయ్య పంచె జాగ్రత్తగా మడిచి ఇచ్చాడు. పాపం, వయసు మీద పడింది, చెయ్యి అదుపులో లేదు అనుకున్నాడు. ఆ సాయంత్రం తను నేసిన మూరెడు బట్ట కింద దీపం పట్టి చూసుకుంటే మచ్చుకి కూడా చార లేదు.

"చూడండమ్మా, ఎక్కడైనా ఉందేమో" అని ఆమెకి చూపించాడు.

"లేదు" అంది అంకమ్మ. అలా అంటున్నప్పుడు ఆమె ముఖంలో సంతోషం కనబడలేదు. దాన్ని కూడా చౌడయ్య ముసలితనం కిందే జమకట్టాడు.

పన్నెండో ఏట పటం నిలిచింది. ఒక మూర, రెండు మూరలు, ఐదు, ఆరు. పోగు తెగలేదు, ఎలుక రాలేదు. చౌడయ్య అన్నం తగ్గించాడు, మాట తగ్గించాడు. అతని జుట్టు సగానికి పైగా నెరిసింది. ఎర్రమ్మకి చూపు బాగా తగ్గింది. కండె చుట్టేటప్పుడు నూలుని వేళ్లతోనే చూసుకునేది. అయినా ఆమె చుట్టిన కండె ఒక్కటి కూడా నాడెలో చిక్కుపడలేదు.

ఇరవై ఆకులు అయిపోయాయి.

"ఇరవై ఒకటో ఆకులో ఏముందమ్మా?" అని అడిగాడు చౌడయ్య.

"నేత ముగిసే రోజు చదువుతాను" అంది అంకమ్మ.

ఆ రోజు వచ్చింది. పొద్దున్నే అంకమ్మ ఎర్రమ్మని పెరట్లోకి తీసుకెళ్లి ఏదో చెప్పింది. చౌడయ్యకి అది పట్టలేదు. మధ్యాహ్నానికి ఒక్క కండె మిగిలింది. ఎర్రమ్మ తెచ్చి ఇచ్చింది. తలకి పోసుకుని, ఉతికిన చీర కట్టుకుని ఉంది. చౌడయ్య కండెని దీపం వెలుతురుకి పట్టి అటూ ఇటూ తిప్పి చూశాడు. ఆమెని చూడలేదు.

నాడె నడిచింది. జానెడు మిగిలింది. బెత్తెడు మిగిలింది. అంకమ్మ వచ్చి మగ్గం పక్కన పీట వేసుకుని కూర్చుంది.

అప్పుడు లోపలి నుంచి పిలుపు వచ్చింది.

"ఏమయ్యా, ఒకసారి ఇట్లా రా."

పన్నెండేళ్లుగా ఆ గొంతు ఆ మాట అనలేదు. పెరట్లో కట్టేసిన మేక కూడా తలెత్తి చూసింది.

"ఈ కండె అయ్యాక వస్తా" అన్నాడు చౌడయ్య.

తను ఏమన్నాడో అతనికి తెలియను కూడా తెలియలేదు. చెయ్యి నడుస్తోంది. కళ్లు పోగుల మీదున్నాయి.

అంకమ్మ ఒళ్లో పోగులు కోసే చిన్న కత్తి ఉంది. ఆమె దాన్ని పట్టుకుని కాసేపు కదలకుండా కూర్చుంది. ఒక్కసారే పిలవాలని ఆఖరి ఆకులో ఉంది. ఆకు చెప్పింది ఆమె ఎన్నడూ జవదాటలేదు. ఇప్పుడు మాత్రం గుమ్మం అవతలున్న ఎర్రమ్మ వైపు తిరిగి, ఆ మసక చూపుకి ఆనేలా చెయ్యి పైకెత్తి, ఇంకోసారి పిలువు అన్నట్టు ఊపింది.

"ఏమయ్యా, నిన్నే."

"వస్తున్నానంటే! రెండు వేళ్లు కూడా లేదు. కాస్త ఆగితే ఏం పోయింది?"

అంకమ్మ లేచింది. కత్తిని పడుగు కింద పెట్టి, ఈ అంచు నుంచి ఆ అంచుకి ఒక్క లాగు లాగింది. బిగువు మీదున్న పోగులు ఫట్ ఫట్‌మని తెగి మగ్గం మీద వాలిపోయాయి. నాడె చౌడయ్య చేతిలోనే ఉండిపోయింది.

ఒక్క క్షణం అతనికి ఏం జరిగిందో అర్థం కాలేదు. తర్వాత అరిచాడు. గురువన్నది, మీరన్నది అన్నీ మరిచిపోయాడు.

"ఏం చేశావే ముసలిదానా! పన్నెండేళ్లు! రెండు వేళ్లు మిగిలింది! చూడు, చార లేదు, వెతికి చూడు, ఎక్కడా లేదు!"

"లేదు" అంది అంకమ్మ.

"మరెందుకు కోశావు?"

ఆమె ఇరవై ఒకటో ఆకు తీసి అతని ముందు పెట్టింది. ఇన్నేళ్లలో ఆ రాత అతనికి అలవాటైంది. చేతిలోకి తీసుకుని చదివాడు. "ఆఖరి కండెలో, ఆనాడు పిలిచిన గొంతు మళ్లీ ఒక్కసారే పిలవాలి. లేచినవాడు చారతోనే ముగించి కప్పుకోవచ్చు. లేవనివాడి పటం కోయాలి."

రెండుసార్లు చదివాడు. మూడోసారి అక్షరాలు కనబడలేదు.

"ఈ ముక్క ముందే చెప్పి ఉంటే లేచేవాణ్ణి కదమ్మా" అన్నాడు.

"లేచేవాడివి" అంది అంకమ్మ.

ఈ కథ తలుచుకున్నప్పుడల్లా నాకు ఆ ముసలమ్మ మీద ఒళ్లు మండుతుంది. రాతిగుండెది, పన్నెండేళ్లు ఒక మనిషిని ఎండబెట్టి చివరికి కత్తి పెడుతుందా అనిపిస్తుంది. మళ్లీ అంతలోనే, ఆమె ఊపిన చెయ్యి గుర్తుకొస్తుంది. ఆ మనిషి రెండోసారి కూడా లేవలేదే అని ఏడుపొస్తుంది.

చౌడయ్య నాడె కింద పెట్టి గుంతలోంచి కాళ్లు తీశాడు. లోపలికి వెళ్లాడు.

ఎర్రమ్మ వెనక గుమ్మంలో కూర్చుని ఉంది. ఒళ్లో చిన్న మూట ఉంది. చెంగి పుట్టినప్పుడు పుట్టింటివాళ్లు పెట్టిన పసుపు చీర కట్టుకుంది. ఎన్నేళ్లుగా దాచిందో, మడతల దగ్గర చివికిపోయి ఉంది.

"ఏంటది?" అన్నాడు మూట చూసి.

"బొరుగులు. బెల్లం వేసినవి."

"ఎందుకు?"

"ఆ రోజు అడిగింది. జ్వరంలో అరగవని నేను పెట్టలేదు." ఎర్రమ్మ మూట మీద చెయ్యి వేసి నిమిరింది. "పటం ఏడు మూరలంట. ఇద్దరం కప్పుకోవచ్చని పొద్దున అమ్మ చెప్పింది. నీతో పాటు నేనూ చూసి రావచ్చని."

పన్నెండేళ్లు చౌడయ్య ఆమె చుట్టిన నూలుతో నేశాడు. ఆమెకీ ఆ పిల్ల కావాలేమోనని ఒక్కనాడూ అతనికి తట్టలేదు. ఆమె నూలు వడికింది, పడుగు పోసింది, కళ్లు పోగొట్టుకుంది. అదంతా తన కోసమే అనుకున్నాడు.

అతను ఆమె ముందు కూలబడ్డాడు. ఆమె రెండు చేతులూ పట్టుకున్నాడు.

"మళ్లీ నేస్తాను ఎర్రీ. విత్తనాలున్నాయి. ఈ వానకే చల్లుతాను. అమ్మ కాళ్లు పట్టుకుంటాను. ఎన్నేళ్లయినా కానీ. ఈసారి నువ్వు పిలిచీ పిలవకముందే లేచి వస్తాను. నీ మీద ఒట్టు. చెంగి మీద ఒట్టు."

ఎర్రమ్మ చేతులు విడిపించుకుంది. మూట ముడి విప్పి, పెరట్లో తిరుగుతున్న కోళ్లకి బొరుగులు చల్లింది. అవి పరిగెత్తుకుంటూ వచ్చాయి. బట్ట దులిపి, మడిచి, నడుముకి దోపుకుంది.

"ఈసారి నేను పిలవను" అంది.